గెలిచిన అవ్వ కట్టిన జుల్మానా

కృష్ణకూ డిండి వాగుకూ నడుమ మెట్టసీమలో పూర్వం ఒక సంస్థానం ఉండేది. వనపర్తి, కొల్లాపురం సంస్థానాలు వెలిగిన సీమే అది. ఇది మాత్రం వాటిలో ఏదీ కాదు, ఈ కథలోనే ఉంది.

ఆ సంస్థానంలో ఒక ఊరు. ఎర్ర చెల్క నేలలు. వాన కురిస్తే జొన్న, ఆముదం. కురవకపోతే మూటాముల్లె నెత్తిన పెట్టుకుని పని వెతుక్కుంటూ దేశం పోవడం. వరి మెతుకు కావాలంటే ఊరి చెరువే దిక్కు. చెరువు కట్టకు రెండు తూములు. పెద్ద తూము కింద దొర మాగాణి. చిన్న తూము కింద బీదాబిక్కీ మడులు. ఆ కాలువ చిట్టచివర పన్నెండు కుంటల మడి ఒక అవ్వది. వారంలో నాలుగు రోజులు పెద్ద తూముకు, మూడు రోజులు చిన్న తూముకు వంతు. ఆ వంతు సంస్థానం దఫ్తరంలో రాసి ఉంది, తూము తెరిచి మూసే నీరడికి నోటికి వచ్చు.

ఒక ఏడు వానలు వెనకపట్టాయి. చెరువు సగమే నిండింది. సగం నీళ్ళు రెండు తూములకు ఎక్కడ సరిపోతాయని దొర దివాను చెవిలో ఒక మాట వేశాడు. దివాను తాసీల్దారు చెవిలో వేశాడు. మర్నాటి నుంచి చిన్న తూము మూతపడింది. అడిగిన వాళ్ళకు పట్వారీ ‘మరమ్మతు ఉంది’ అన్నాడు. అవ్వ నారుమడిలో నారు జానెడు ఎదిగి నిలబడింది, నాటు వేద్దామంటే మడిలో చుక్క నీరు లేదు.

అవ్వ సద్ది మూట కట్టుకుని రెండు రోజులు నడిచి రాజుగారి న్యాయసభకు పోయింది. రాజు విన్నాడు. దఫ్తరం తెప్పించి వంతు చూశాడు. అవ్వ చెప్పింది అక్షరాలా నిజం. ‘వంతు ప్రకారం చిన్న తూము తెరవాలి. మూడు దినాల్లో అమలు చేసి జవాబు రాయాలి’ అని ఫైసలా రాయించి మొహరు వేయించాడు. అవ్వ ఆ కాగితాన్ని కొంగున కట్టుకుని మళ్ళీ రెండు రోజులు నడిచి తాసీలు కచేరీలో ఇచ్చింది.

తాసీల్దారు లేచి నిలబడి ఆ కాగితాన్ని రెండు చేతులా అందుకున్నాడు. కళ్ళకు అద్దుకున్నాడు. ఎర్ర గుడ్డ దఫ్తరంలో పెట్టి రెండు ముళ్ళు వేశాడు.

“హుకుం అందింది అవ్వా. ఇక నువ్వు పోయి రా.”

“నీళ్ళెప్పుడు ఇడుస్తరు దొరా?”

“పరిశీలనలో ఉన్నది.”

మూడు దినాలు పోయాయి, ముప్పై దినాలు పోయాయి. నారు ముదిరింది. అవ్వ మళ్ళీ నడిచి పోయింది. రాజుకు కోపం వచ్చింది. ‘నా హుకుం నడపనందుకు ఆ తాసీలుకు యాభై రూపాయల జుల్మానా’ అన్నాడు. సభ మెచ్చుకుంది. వారం తిరక్కుండా యాభై హాలీ సిక్కా రూపాయలు ఖజానాకు చేరాయి. చెరువు మరమ్మతు పద్దులోంచి తీసి పంపించారు. ఆ ఏడు కట్ట మీద మట్టి పడలేదు. తూము మాత్రం మూసే ఉంది.

అవ్వ మూడోసారి పోయింది. ఈసారి రాజు జుల్మానాను రెండు వందలకు పెంచాడు. మరమ్మతు పద్దులో అంత సొమ్ము లేదు. పేష్కారు ఆలోచించి ఉపాయం చెప్పాడు: తాసీలు కింది పల్లెలన్నిటి మీదా ఇంటికి రెండణాల చొప్పున పట్టీ వేస్తే సరిపోతుంది. పట్వారీ రసీదు పుస్తకం చంకన పెట్టుకుని ఇల్లిల్లూ తిరిగాడు. అవ్వ గుడిసె ముందుకూ వచ్చాడు.

“దేనికి బిడ్డా ఈ పట్టీ?”

“జుల్మానా పడ్డదవ్వా.”

“ఎవరి మీద?”

“తాసీలు మీద.”

“దావా ఎవరు గెలిచిండ్రు?”

“ఇంకెవరు, నువ్వే.”

“గెలిచినోళ్ళు కడ్తరా?”

పట్వారీ రసీదు చింపుతూ అన్నాడు: “ఊరంత కడుతున్నరు. నువ్వు ఊరిదానివి కాదా ఏంది?”

అవ్వ కోళ్ళ గంప కింద దాచుకున్న రెండణాలు తీసి ఇచ్చింది. రసీదును మడిచి కొంగున కట్టుకుంది. నాలుగోసారి నడక మొదలుపెట్టింది. ఈసారి ఆమె చేతిలో అర్జీ లేదు. రాజు ముందు నిలబడి కొంగు ముడి విప్పి ఆ రసీదు చూపించింది.

“మూడుసార్లు నీ దగ్గర గెలిచిన దొరా. గెలిచినందుకు రెండణాలు కట్టిన. ఇంకొక్కసారి గెలిస్తే మేకను అమ్ముకోవాలె. అందుకే చెప్పిపోదామని వచ్చిన. నన్నింక గెలిపియ్యకు.”

సభలో ఎవరూ దగ్గనైనా దగ్గలేదు. రాజు ఆ రసీదును అటూ ఇటూ తిప్పి చూశాడు. కింద తన సంస్థానం ముద్రే ఉంది. తాసీల్దారును, పేష్కారును, గిర్దావరును, పట్వారీని, నీరడిని పిలిపించమన్నాడు. దివాను ఎలాగూ పక్కనే కూర్చుని ఉన్నాడు.

“నా హుకుం ఎవరు నడపలేదు?” అని రాజు అడిగాడు.

“కచేరీ నుంచి ఆలస్యమైంది మహారాజ్,” అన్నాడు తాసీల్దారు.

“కచేరీ అంటే నాలుగు గోడలు, ఒక పెంకుటిల్లు. దాన్ని నేనేం అడగను? మనిషి పేరు చెప్పు.”

తాసీల్దారు పేష్కారు వైపు చూశాడు. కాగితం తన దాకా పెట్టలేదన్నాడు. పేష్కారు గిర్దావరు వైపు చూశాడు. ఆయన తూమును చూసి రిపోర్టు ఇవ్వలేదన్నాడు. గిర్దావరు పట్వారీ మీదికి, పట్వారీ నీరడి మీదికి నెట్టారు. అందరికన్నా వెనక గొంగడి భుజాన వేసుకుని నిలబడ్డ నీరడికి నెట్టడానికి వెనక ఎవరూ లేరు.

“నాకు కాగిదం రాలేదు దొరా. తెరువుమని నోటితోటి కూడ ఎవరు చెప్పలేదు. మూయుమన్నప్పుడు మాత్రం చెప్పిండ్రు,” అన్నాడతను.

“తెరవడానికి ఎంతసేపు పడుతుంది?”

“ఒక్క చుట్ట కాలేంతసేపు.”

రాజు తాసీల్దారు వైపు తిరిగాడు. “ముయ్యమని చెప్పినప్పుడు నీ మాట ఒక్క పూటలో నీరడి దాకా పోయింది. తెరవమన్న నా మాట ఆరు నెలలైనా పోలేదు. ఎందుకు?”

తాసీల్దారు తల వంచుకున్నాడు. చాలాసేపటికి, “దివానుగారు వద్దన్నారు,” అన్నాడు.

“రాసిచ్చాడా?”

“లేదు. నోటిమాట.”

రాజు దివాను వైపు చూశాడు. దివాను శాలువా సర్దుకున్నాడు. “నేనా? ఎప్పుడు? చెరువులో నీళ్ళు జాగ్రత్త అన్నానేమో. హుకుం నడపొద్దని నేనెందుకంటాను?”

తాసీల్దారుకు కాళ్ళ కింద నేల కదిలినట్టయింది. ఆరు నెలలుగా తనను నిలబెడుతోందనుకున్న మాట ఇప్పుడు ఎవరిదీ కాదు. దఫ్తరంలో ఉన్నది రాజు ఫైసలా ఒక్కటే. దాని మీద రెండు ముళ్ళు వేసిన చేతులు తనవి.

రాజు అప్పటికప్పుడు ఫైసలా చెప్పాడు. అవ్వకు పోయిన పంట ఎంతో అంత వడ్లు ఇవాళే సంస్థానం గాదెలోంచి కొలిచి ఇవ్వాలి, ఆమె ఇంకొకరి కోసం ఆగనక్కరలేదు. ఆ వడ్ల ఖరీదు, యాభై, రెండు వందలు, అన్నీ తాసీల్దారు సొంత జీతంలోంచి నెలనెలా ఖజానాకు రావాలి. యాభైతో మరమ్మతు పద్దు పూడ్చాలి. పట్టీ కట్టిన ఇళ్ళకు ఆ రెండణాలు తాసీల్దారు తన చేత్తో ఇచ్చి రసీదు వెనక్కి తీసుకోవాలి. తూము తెరిచి కాలువ చివరి మడికి నీళ్ళు చేరేదాకా ఆయన కచేరీ చెరువు కట్ట మీదే. ఇక దివాను గురించి: న్యాయసభ ఫైసలాకు ఎదురుపోయే మాట ఎవరు చెప్పినా రాతలో చెప్పాలి, కింద దస్కతు పెట్టాలి. రాయని మాటకు సంస్థానంలో విలువ లేదు.

మర్నాడు నీరడి తూము మూత ఎత్తాడు. తాసీల్దారు కట్ట మీద ఎండలో కూర్చుని చూశాడు. నీళ్ళు కాలువ చివరికి చేరేసరికి పొద్దు నడినెత్తికి కూడా రాలేదు.

తర్వాతి ఏడు ఇంకో ఊళ్ళో ఇలాంటి ఫైసలాయే వచ్చింది. అక్కడి గిర్దావరు గడువుకు ముందే సభకు వచ్చి, తూము రాయి విరిగింది, తెరిస్తే కట్ట తెగుతుందని చెప్పి విరిగిన ముక్క చూపించాడు. రాజు ఒడ్డెర్లను పంపించి నెల గడువు ఇచ్చాడు. జుల్మానా మాట ఎత్తలేదు.

మూడో ఏడు మళ్ళీ వానలు వెనకపట్టాయి. దివాను దారిలో కలిసి ఆ పాత తాసీల్దారు చెవి దగ్గరకు వంగాడు. తాసీల్దారు వినయంగా రెండు చేతులూ జోడించాడు.

“తప్పకుండా దివాన్‌జీ. ఒక్క ముక్క రాసియ్యండి.”

దివాను రాయలేదు. చిన్న తూము వంతు తప్పలేదు.

*

నీతి: ఆజ్ఞను మీరింది కచేరీ అని సరిపెట్టుకుంటే జుల్మానా జనం కడతారు. మీరింది ఫలానా మనిషి అని తేల్చితేనే ఆజ్ఞ నడుస్తుంది. ఆ తేల్చడం వల్ల బాధితుడికి ఎంత మేలో నిజాయితీగల అధికారికీ అంతే మేలు.

రాజులు పోయారు. సంస్థానాలు పోయాయి. అవ్వ నడక మాత్రం పోలేదు. నల్లగొండ నుంచైనా మహబూబ్‌నగర్ నుంచైనా మూసీ ఒడ్డున ఉన్న హైకోర్టు నూరు కిలోమీటర్ల దూరం. భూసేకరణలో పొలం పోయిన రైతో, పెన్షన్ ఆగిన టీచరో వకీలును పట్టుకుని రిట్ వేస్తారు. గెలుస్తారు. ‘ఇన్ని వారాల్లో పరిశీలించి నిర్ణయం తీసుకోవాలి’ అని ఆర్డరు వస్తుంది. నకలు తీసుకుని కలెక్టరేట్ ఇన్‌వార్డులో ఇచ్చి ముద్ర వేయించుకుంటారు. గడువు దాటుతుంది. ఇక మిగిలింది ధిక్కరణ కేసు. అదీ ఏడాదిలోపే వేయాలి, 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం 20వ సెక్షన్ పెట్టిన గడువది. నోటీసు అందాక ప్రభుత్వం వైపు హఠాత్తుగా చురుకు పుడుతుంది. అయితే ఆర్డరు అమలవుతుంది, లేదంటే అన్నాళ్ళూ గుర్తుకు రాని అప్పీలు స్టే పిటిషన్‌తో సహా దాఖలవుతుంది. నోటీసు మీద ఒక అధికారి పేరు ఉండటం వల్లే ఆ చురుకు. ఆర్డరు మీద ఉన్నది హోదా మాత్రమే.

మన సీమలోనే ఒక ఉదాహరణ ఉంది. 2021లో ఒక ధిక్కరణ కేసులో అప్పటి నల్లగొండ కలెక్టరుకు, మరో అధికారిణికి తెలంగాణ హైకోర్టు సింగిల్ జడ్జి జరిమానా వేశారు. అప్పీలు ప్రధాన న్యాయమూర్తి హిమా కోహ్లి నేతృత్వంలోని ధర్మాసనానికి వెళ్ళింది. జరిమానాకు బదులు కలెక్టరు ఆరు నెలల పాటు వారానికి రెండు గంటలు అనాథాశ్రమంలో పిల్లలతో గడపాలనీ, ఆ అధికారిణి ఉగాదికీ శ్రీరామనవమికీ అనాథలకు భోజనం పెట్టాలనీ ధర్మాసనం చెప్పింది. చట్టం ప్రకారం ధిక్కరణకు జరిమానా 2,000 రూపాయలకు మించదు. 1971లో అది పెద్ద మొత్తం, ఇవాళ ఒక అధికారికి ఒక పూట హోటల్ ఖర్చు. ఆరు నెలల దాకా సాధారణ జైలుశిక్ష వేసే వీలుంది గానీ అది అరుదు. సొంత జేబు కన్నా సొంత సమయమే ఎక్కువ బరువని ఆ ధర్మాసనం గుర్తించినట్టుంది. రాజు తాసీల్దారును కట్ట మీద కూర్చోబెట్టింది కూడా అందుకే.

2022 మార్చిలో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు అదే బాట పట్టింది. పాఠశాలల ఆవరణల్లోంచి గ్రామ సచివాలయాలను తీసేయాలన్న ఆర్డరు అమలు కాలేదని ఎనిమిది మంది ఐఏఎస్ అధికారులకు రెండు వారాల జైలుశిక్ష వేసింది. వారు బేషరతుగా క్షమాపణ చెప్పాక, ఏడాది పాటు నెలకోసారి సంక్షేమ హాస్టల్‌కు వెళ్ళి పిల్లల భోజనం ఖర్చు సొంతంగా భరించమంది.

రెండణాల పట్టీకి కూడా మన కాలపు రూపం ఉంది. పాలమూరు–రంగారెడ్డి, డిండి ఎత్తిపోతల పథకాలు ముఖ్యంగా నల్లగొండ, పాలమూరు (మహబూబ్‌నగర్) సీమల దాహం తీర్చడానికి తలపెట్టినవి. ఆ దాహం ఎంత నిజమో ఫ్లోరైడ్ నీళ్ళు తాగిన నల్లగొండకూ, వలసలతో ఖాళీ అయిన పాలమూరుకూ ఎవరూ చెప్పనక్కరలేదు. అయితే పర్యావరణ అనుమతి లేకుండా పనులు చేశారనీ, ఆపమన్నా ఆపలేదనీ జాతీయ హరిత ట్రిబ్యునల్ చెన్నై ధర్మాసనం 2022 డిసెంబరులో తెలంగాణ రాష్ట్రానికి దాదాపు 920 కోట్ల రూపాయలు కట్టమని చెప్పింది. అందులో 300 కోట్లు కేవలం ఆజ్ఞలను కావాలని మీరినందుకు. 2023 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు దాని మీద స్టే ఇచ్చింది. ఆ మొత్తం న్యాయమా కాదా అన్నది వేరే వాదన. కానీ ఒకవేళ కట్టాల్సి వస్తే ఎక్కడి నుంచి కట్టేవారు? ఖజానా నుంచి. ఖజానా నింపింది ఎవరు? ఆ నీళ్ళ కోసం కళ్ళు కాయలు కాసిన పాలమూరు, దేవరకొండ రైతులు కూడా. పనులు సాగించమని చెప్పిన నోరు ఎవరిదో, సంతకం ఎవరిదో ఆ అంకెలో ఎక్కడా కనిపించదు.

2021లోనే ఇంకో సంగతి జరిగింది. ధిక్కరణ కేసుల పేరు మీద తెలంగాణ ప్రభుత్వం ఒక జీవోతో 59 కోట్ల రూపాయల దాకా మంజూరు చేసింది. అధికారుల మీది కేసులకు జనం సొమ్మా అని ఒక పిల్ పడింది, హైకోర్టు ఆ నిధుల విడుదలను ఆపమంది. ఆ సొమ్ము కేసుల ఖర్చుకు కాదు, భూసేకరణ పరిహారం చెల్లించడానికేనని సర్కారు వివరణ ఇచ్చింది. వివరణను ఉన్నదున్నట్టే తీసుకుందాం. అప్పుడు ఇంకో ప్రశ్న మిగులుతుంది. ఎప్పుడో ఇవ్వాల్సిన పరిహారం ధిక్కరణ కేసు పడేదాకా ఎందుకు కదల్లేదు?

ఖజానా, అధికారి, ఈ ఇద్దరిలో ముందు ఎవరు కట్టాలన్న చిక్కును సుప్రీంకోర్టు 1993లోనే లక్నో డెవలప్‌మెంట్ అథారిటీ కేసులో విడదీసింది. వేధింపుకు గురైన మనిషికి పరిహారం ప్రజాధనం నుంచి వెంటనే ఇవ్వాలి, తర్వాత దాన్ని బాధ్యులైన అధికారుల నుంచి రాబట్టాలి అంది. అవ్వకు గాదెలోంచి వడ్లు, గాదెకు తాసీల్దారు జీతంలోంచి సొమ్ము. 2024 నవంబరులో బుల్డోజర్ కూల్చివేతల కేసులోనూ అదే దారి: పద్ధతి తప్పి ఇల్లు కూల్చిన అధికారి దాన్ని సొంత ఖర్చుతో తిరిగి కట్టించాలి. గుంటూరు జిల్లాలో హైకోర్టు ఆర్డరును పక్కన పెట్టి పేదల గుడిసెలు తొలగించిన ఒక తహసీల్దారు అప్పీళ్ళు వేస్తూ డిప్యూటీ కలెక్టర్ దాకా ఎదిగాడు. 2025 మే నెలలో సుప్రీంకోర్టు అతన్ని మళ్ళీ తహసీల్దారు పదవికి దించి లక్ష రూపాయల జరిమానా వేసింది. భార్యాపిల్లలు వీధిన పడకూడదని జైలు మాత్రం తప్పించింది. గుడిసెలు పోయింది 2013–14లో. కూలిన గుడిసెల్లోని పిల్లలు ఆపాటికి పెద్దవాళ్ళయి ఉంటారు. శిక్ష సరైనదే, ఆ ఆలస్యమే సరికాదు.

దీనికి ఎదురు వాదన కూడా ఉంది, అదీ తేలికైనది కాదు. ప్రతి ఆర్డరుకూ అధికారిని వ్యక్తిగా నిలదీస్తే భయంతో ఏ ఫైలూ కదలదంటారు. కోర్టులు చీటికీమాటికీ అధికారులను బోనెక్కించి నిలబెడతాయనీ అంటారు. రెండో దాంట్లో నిజం ఉంది కాబట్టే 2024 జనవరిలో సుప్రీంకోర్టు ప్రత్యేకంగా నియమావళి ఇచ్చింది: అధికారులను అలవాటుగా పిలిపించకూడదు, వీలైతే వీడియోలోనే హాజరు కానివ్వాలి, వస్త్రధారణ మీద వ్యాఖ్యలు చేయకూడదు. మొదటి దానికి మాత్రం చట్టంలోనే జవాబుంది. ధిక్కరణ అంటే ‘కావాలని’ మీరడం. తప్పు నిర్ణయం ధిక్కరణ కాదు. చేతకాకపోవడం ధిక్కరణ కాదు. ఆర్డరు నచ్చకపోతే అప్పీలు ఉంది, గడువు చాలకపోతే పొడిగించమని అడగవచ్చు. విరిగిన రాయి ముక్క పట్టుకుని గడువుకు ముందే వచ్చిన గిర్దావరును ఏ జడ్జీ శిక్షించడు. శిక్ష పడేది దఫ్తరానికి రెండు ముళ్ళు వేసినవాడికే.

పైనుంచి వచ్చే నోటిమాట అసలు చిక్కు. ఎమ్మార్వో ఆఫీసులో పనిచేసిన వాళ్ళెవరైనా లోపాయికారీగా ఒప్పుకుంటారు: చాలా ఆర్డర్లు ఆగేది అధికారి మొండితనం వల్ల కాదు, ‘కొన్నాళ్ళు ఆగు’ అన్న ఫోను వల్ల. ఆ ఫోనుకు సాక్ష్యం ఉండదు. కోర్టులో నిలబడాల్సి వచ్చినప్పుడు ఫోను చేసినాయన కథలో దివాను లాగే శాలువా సర్దుకుంటాడు. మాజీ కేబినెట్ కార్యదర్శి టీఎస్ఆర్ సుబ్రమణియన్, మరికొందరు విశ్రాంత అధికారులు వేసిన కేసులో సుప్రీంకోర్టు 2013 అక్టోబరు 31న దీనికి మందు చెప్పింది: అధికారులు నోటి ఆదేశాల మీద పనిచేయకూడదు, వచ్చిన ఆదేశాన్ని రాతలో పెట్టాలి. ఆ తీర్పు అధికారులకు భారంగా తోచవచ్చు గానీ అది వాళ్ళ చేతికిచ్చిన డాలు. సొంత జీతం మీద, సొంత సర్వీసు రికార్డు మీద పడుతుందన్న భయం లేనివాడికి ‘రాసియ్యండి’ అని అడిగే అవసరమే రాదు. ఆ భయం ఉన్నవాడికి అడిగే ధైర్యం వస్తుంది. రాయమంటే సగం మంది దివాన్లు వెనక్కి తగ్గుతారు.

అందుకని ఈ నీతిని అమలు చేయడానికి కొత్త చట్టం కూడా అక్కరలేదు. కోర్టు ఆర్డరులో హోదాతో పాటు ఎవరు, ఏ తేదీలోపు చేయాలో రాయాలి. మీరినందుకు పడిన ఖర్చు ఖజానా నుంచి వెంటనే కట్టి, ఆ మనిషి జీతం నుంచి తప్పకుండా రాబట్టాలి. ఆపమన్నవారు ఎవరైనా ఉంటే ఫైలులో దస్కతు ఉండాలి, లేకపోతే ఆ మాట చెల్లదు. ఈ మూడూ జరిగే చోట అవ్వలు నాలుగుసార్లు నడవనక్కరలేదు, తాసీల్దార్లు కట్ట మీద కూర్చోనక్కరలేదు. కోర్టులో ఒకసారి గెలిచిన మనిషికి అది ఒక్కసారే చాలాలి.